తుప్పు పట్టని పిన్ను

ఆ రోజు మా డివిజన్ చేయవలసిన పనులు ఇవి. రేవు దగ్గర ప్రతి మనిషి కాగితాలూ చూడాలి. గాయపడినవాళ్లనీ పర్మిట్ ఉన్నవాళ్లనీ తప్ప ఎవరినీ వోల్గా దాటనివ్వకూడదు. చనిపోయిన సైనికుల గుర్తింపు పుస్తకాలు పోగుచేయాలి. పిండిమిల్లును చీకటి పడేదాకా చేజారనివ్వకూడదు. ఎవరి గుర్తింపు పుస్తకంలో పిన్ను తుప్పు పట్టకుండా మెరుస్తోందో వాణ్ణి అక్కడికక్కడే పట్టుకుని, సూర్యుడు కుంగేలోపు సంగతి తేల్చేయాలి.

ఈ చివరి ఆదేశం ప్రతులన్నీ రాసింది నేనే. పేజీలు ఊడకుండా మా పుస్తకాలకు కొట్టేది మామూలు ఇనుప పిన్ను. రెండు నెలలు తిరిగేసరికి తుప్పు పట్టి కాగితం మీద మరక దిగుతుంది. జర్మన్లు మా పుస్తకాలను అచ్చు గుద్దినట్టు తయారుచేసి గూఢచారుల చేతికిచ్చేవారు, కానీ వాళ్ల పిన్ను మేలురకం ఉక్కు. ఆ మెరుపు చూసే ఆ వేసవిలో ముగ్గురిని పట్టుకున్నాం. ముగ్గురూ నిజంగా గూఢచారులే.

నా పేరు యెఫిమ్ స్త్రెకాలోవ్. పడవలకు తారు పూసి బతికే ఇంట్లో కాలేజీ గడప తొక్కిన మొదటివాణ్ణి. చేతిరాత బాగుందని డివిజన్ కార్యాలయంలో యుద్ధ దినచర్య రాసే పనిలో పెట్టారు. మాది అంతర్గత భద్రతా డివిజన్. వంతెనలకూ గిడ్డంగులకూ కాపలా కాయడానికి, దొంగలను పట్టడానికి ఏర్పడినది. మాకు ఫిరంగులు లేవు. ఆగస్టు చివర జర్మన్ టాంకులు ఊరి పొలిమేరకు వచ్చినప్పుడు ఎదురు నిలవడానికి మరో సైన్యం లేక మేమే నిలబడ్డాం. అప్పటికి ఏడు వేలమందిమి.

కార్యాలయానికీ రేవుకూ మధ్య ఉత్తరాలు మోసేవాడు సావెలీ లుకిచ్ దెర్యూగిన్. నలభై ఆరేళ్లవాడు. యుద్ధానికి ముందు కామా నది మీద దుంగల తెప్పలు నడిపేవాడు. గాయపడినవాళ్ల పడవ ఒకటి బోల్తా కొడుతుంటే నీళ్లలోకి దూకి ఒడ్డుకు లాగాడు. మర్నాడు నా బల్ల దగ్గరికి వచ్చి తన గుర్తింపు పుస్తకం తడి కాగితాలు ముందు పరిచాడు.

"చూడండి మాస్టారూ, మా ఆవిడ అగాఫ్యా పోసే అట్ల దొంతరలా విడిపోయింది."

"దూకేముందు పుస్తకం ఒడ్డున పెట్టాల్సింది, లుకిచ్."

"పెడదామనే అనుకున్నా. ఒక్క నిమిషం ఆగమంటే నది వినలేదు మరి."

మా డబ్బాలో పిన్నులు అయిపోయాయి. చేజిక్కిన జర్మన్ దస్త్రం ఒకటి మూల పడి ఉంటే, దాని పిన్ను ఊడబీకి, పేజీలు సర్ది, గట్టిగా బిగించాను. అతను అటూ ఇటూ తిప్పి చూశాడు.

"అబ్బో! జార్ గారింటి పెళ్లి పత్రికలా ఉంది."

"నోరు ముయ్యవయ్యా, ఎవరైనా వింటారు."

పని చక్కగా చేశానని మురిసిపోయాను. ఆదేశం రాసిన చేతులతోనే ఆ పిన్ను బిగించాను. రెండూ ఒకే సంగతని నాకు తట్టనే లేదు.

పది రోజుల తర్వాత, మధ్యాహ్నం రెండున్నరకు ఫోను మోగింది. మేజర్ పక్క గదిలో ఉన్నారు. నేనే ఎత్తాను. ఉత్తరపు రేవు నుంచి లెఫ్టినెంట్ గ్లాజిరిన్. అక్కడి పాత కాపలావాళ్లంతా ఆ ముందురోజు బాంబులకు పోయారు, ఇతను కొత్తగా వచ్చాడు.

"దెర్యూగిన్ అని మీ దగ్గర ఎవడైనా ఉన్నాడా? పిన్ను తళతళా మెరుస్తోంది. ఆఫీసులో ఎవరో వేశారంటాడు. ఎవరయ్యా అంటే పేరు చెప్పడు. పేరంటూ ఉంటే కదా చెప్పడానికి!"

లుకిచ్ నా పేరు ఎందుకు చెప్పలేదో నాకు అర్థమైంది. శత్రువు పిన్నును మన పుస్తకానికి వేసినవాణ్ణి ఏ గోడ పక్కన నిలబెడతారో అతనికీ తెలుసు, నాకూ తెలుసు.

"కనుక్కుని చెప్తాను," అన్నాను.

పెద్ద మోత వినిపించింది. పైకప్పు నుంచి మట్టి రాలింది. ఫోనులో ఇక ఏ చప్పుడూ లేదు. తీగ తెగిపోయింది.

మేజర్ వోరోటిన్ గదిలోకి వెళ్లి అంతా చెప్పాను.

"చదువుకున్నవాడివి కదరా! ఫోన్లోనే 'నేనే' అని అనడానికేం?"

"భయమేసింది, కామ్రేడ్ మేజర్."

"నీ సంగతి తర్వాత చూస్తాను. ముందు పరిగెత్తు." నాలుగు ముక్కలు రాసి సంతకం పెట్టి ఇచ్చారు.

రేవు నాలుగు కిలోమీటర్లు. విమానాలు తలల మీదే తిరుగుతున్నాయి. కాలిన ట్రాముల కిందా, వాగు గట్టు వెంటా పాక్కుంటూ, లేచి పరిగెత్తుతూ, మళ్లీ పడుకుంటూ వెళ్లాను. ప్రతి మలుపులోనూ పైకి చూసి సూర్యుడు ఇంకా ఎంత ఎత్తున ఉన్నాడో కొలుచుకున్నాను. రేవు కనిపించేసరికి ఎండ ఇంకా నీళ్ల మీద ఉంది. వచ్చేశాను అనుకున్నాను.

గ్లాజిరిన్ నా కాగితం చదివాడు. ఇరవై రెండేళ్లుంటాయేమో. తలకు కట్టు. మళ్లీ మొదటి నుంచి చదివాడు.

"కాల్చేసి అరగంటైంది," అన్నాడు.

"సూర్యుడు కుంగనే లేదు కదా!"

"కుంగేలోపు అని రాసి ఉంది. కుంగేదాకా ఆగమని కాదు." జేబులోంచి ఆదేశం తీసి చూపించాడు. నా గుండ్రటి అక్షరాలు. "నా దగ్గర పదకొండు మంది ఉన్నారు. టాంకులు ఆ వీధి చివర ఉన్నాయి. ఒక్కడికి ఇద్దర్ని కాపలా ఎక్కణ్ణుంచి తెమ్మంటావు? మీవాళ్లు ఫోను చేస్తారని చూశాను. చేయలేదు."

"ఏమైనా అన్నాడా?"

"పొగాకు అడిగాడు, ఇచ్చాను. ఆఫీసు నుంచి మనిషి వస్తాడు, కాస్త ఆగండి అన్నాడు. రెండుసార్లు అన్నాడు." నా కాగితం మడిచి, "ఆ మనిషివి నువ్వేనా?" అని అడిగాడు.

"నేనే," అన్నాను. అప్పటికి ఆ మాట ఎవరికీ పనికిరాదు.

గూఢచారిని శిక్షించినట్టు నివేదిక అప్పటికే పడవలో అవతలి ఒడ్డుకు వెళ్లిపోయింది. రెండు రోజుల తర్వాత గ్లాజిరిన్, ఆ పదకొండు మందీ అదే చోట చనిపోయారు. ఒక్కరూ వెనక్కి అడుగు వేయలేదు. నన్ను ఏం చేయాలో చూస్తానన్న మేజర్ కూడా ఆ వారమే పోయారు. నన్ను శిక్షించడానికి ఎవరూ మిగల్లేదు. అక్టోబరులో మమ్మల్ని నది దాటించేసరికి నూట ఎనభై మందిమి.

యుద్ధం అయ్యాక డివిజన్ చరిత్ర రాసే పని నాకే అప్పగించారు. రాశాను. అమరుల పట్టికలో లుకిచ్ పేరు చేర్చి, జరిగినదంతా నా తప్పుతో సహా విడిగా రాసి పంపాను. పేరు కొట్టేసి తిప్పి పంపారు. గూఢచారిగా శిక్ష పడినవాడి పేరు అందులో ఉండరాదట. మళ్లీ పంపాను, మళ్లీ కొట్టేశారు. మూడోసారి జవాబే లేదు. అగాఫ్యాకు ఉత్తరం రాస్తే ఆమె ఊళ్లో లేదని తిరిగొచ్చింది. గూఢచారి పెళ్లామని ఊరివాళ్లు ఉండనివ్వలేదని తర్వాత తెలిసింది.

ఆ పుస్తకం అచ్చయింది. నా పేరు ఉంది, అతని పేరు లేదు. అందుకే ఇది వేరుగా రాస్తున్నాను. మీరు నన్ను క్షమించనక్కరలేదు. ఒక్క పేరు మాత్రం గుర్తుంచుకోండి: సావెలీ లుకిచ్ దెర్యూగిన్, కామా మీద తెప్పలు నడిపినవాడు. అతను మావాడు. దయచేసి మరిచిపోకండి.