వాల్యా, ఇంటికి రా!

మా ఊరి ప్రసూతి ఆసుపత్రిలోకి మొగుళ్ళను రానివ్వరు. సూక్ష్మక్రిములు మోసుకొస్తారట. అందుకని వాళ్ళు కింద మంచులో నిలబడి పైకి అరుస్తారు, మేము మూడో అంతస్తు కిటికీల్లోంచి కిందికి అరుస్తాం. ఎవరికి ఎంత బరువు బిడ్డ పుట్టింది, ఎవరికి పాలు పడలేదు, ఎవరి అత్తగారు చప్పిడి సూపు పంపింది, అన్నీ వీధి వీధంతా వింటుంది. వార్తాపత్రికకన్నా నమ్మదగిన ఏర్పాటు.

నేనూ అరిచాను. చలిగాలి రాకుండా కాగితం అంటించిన కిటికీలో పైన చిన్న రెక్క ఒక్కటే తెరుచుకుంటుంది. మంచం ఎక్కి అందులోంచి తల బయటపెట్టాను.

“గ్లెబ్! ఆడపిల్ల! పేరు వాల్యా! విన్నావా?”

మా ఆయన బొచ్చుటోపీ తీసి ఊపాడు. “విన్నా! వాల్యా!”

“మా ఆయనకి కూడా వినబడిందమ్మా, ఇక దిగు, చలి” అంది పక్కమంచం ఆవిడ.

అంటే సాక్షులకు లోటు లేదు. గ్లెబ్ గుర్తింపు కోసం తన పాస్‌పోర్టు, నా పాస్‌పోర్టు జేబులో పెట్టుకుని బిడ్డ పుట్టుక రాయించడానికి రిజిస్ట్రీ ఆఫీసుకు బయల్దేరాడు. దారిలో వాళ్ళమ్మ ఇల్లుంది. అక్కడ ఆగాడు.

నన్ను ఇంటికి తీసుకెళ్ళే రోజున గులాబీరంగు రిబ్బను కట్టిన దుప్పట్లో బిడ్డను అందుకుంటూ మా అత్తగారు, “రా, జెన్యా, రా తల్లీ” అంది.

నేను గ్లెబ్ వైపు చూశాను. గ్లెబ్ పూలగుత్తి వైపు చూశాడు. జనన పత్రంలో ఎవ్‌గేనియా అని ఉంది. అది మా అత్తగారి పేరే. ముద్దుగా పిలిస్తే జెన్యా.

మాలో మగకీ ఆడకీ సరిపోయే పిలుపుపేర్లు కొన్ని ఉన్నాయి. పుట్టకముందు బిడ్డకు పేరు పెడితే అరిష్టమంటారు కదా, అయినా మనసు ఊరుకోదు. అలాంటివాళ్ళకు ఈ పేర్లు వీలు. ఎవరు పుట్టినా పిలుపు అదే. వాల్యా అలాంటిదే. మగవాడైతే వాలెంతిన్, ఆడదైతే వాలెంతీనా. లాటిన్ మాట, బలం, ఆరోగ్యం అని అర్థం. జెన్యా కూడా అలాంటిదే. అది గ్రీకు.

“మంచి పుట్టుక అని అర్థం, తాయా” అని నాకు పెళ్ళయిన కొత్తలోనే చెప్పింది అత్తగారు, ఎవ్‌గేనియా ల్వోవ్నా. “ఉన్నత వంశం. మా తాతల కాలం నుంచీ ఈ పేరు మా ఇంట్లో తిరుగుతోంది. పింగాణీ కప్పులాగా, చేయి జారకుండా.”

“మా ఇంట్లో రేకు కప్పులండీ. జారినా ఏం కాదు” అన్నాను.

ఆవిడ తనను అమ్మా అని పిలవనిచ్చేది కాదు. పేరూ, వాళ్ళ నాన్న పేరూ కలిపి పూర్తిగా పిలవాలి, ఆఫీసులోలాగా. నా వంశమంటే ఆవిడకు చిన్నచూపు. మా నాన్న వాలెంతిన్ వోల్గా మీద దుంగల తెప్పలు నడిపేవాడు. నాకు పదో తరగతి పరీక్షలప్పుడు, వసంతంలో మంచు పగిలి నది పొంగిన వారంలో, తెప్పతో సహా వెళ్ళిపోయాడు. దొరకలేదు. మిగతావాళ్ళు ఈస్టరయ్యాక సమాధుల దగ్గరికి రంగుగుడ్లు పట్టుకెళ్తారు. మా అమ్మ బతికున్నన్నాళ్ళూ రేవుకు వెళ్ళి గుడ్డును నీళ్ళలోకి విసిరేది. అమ్మ పోయాక నాకు మిగిలింది ఆ పేరొక్కటే. దాన్ని ఎక్కడో ఒకచోట నిలబెట్టాలని నా ఆశ. సమాధిరాయి లేనివాడికి మనవరాలి పేరయినా ఉండాలి.

ఆ మాటే అత్తగారితో అన్నాను, రిబ్బను ఇంకా విప్పకముందే.

“మునిగిపోయినవాడి పేరు పిల్లకి పెడతారా ఎవరైనా?” అంది. “నీళ్ళు పిలుస్తాయి.”

ఇక్కడ ఒక సంగతి చెప్పాలి. ఎవ్‌గేనియా ల్వోవ్నా మా ఊరి సాంస్కృతిక భవనంలో ఉపన్యాసకురాలు. పార్టీ సభ్యురాలు. ఆవిడ విషయం నాస్తికత్వం. ప్రతి ఏడూ ఈస్టర్ వారం రాగానే మూఢనమ్మకాల మీద మాట్లాడుతుంది, చేతిలో కర్రతో, గోడమీద పటాలతో.

“నీళ్ళు పిలవడం శాస్త్రీయమేనా, ఎవ్‌గేనియా ల్వోవ్నా?” అని అడిగాను.

“తాయా, బాలింతవి. పడుకో” అంది.

గ్లెబ్ చెడ్డవాడు కాదు. చివర ఎవరు మాట్లాడితే వాళ్ళకు తలూపుతాడు. ఆ రోజు రిజిస్ట్రీకి ముందు చివర మాట్లాడింది వాళ్ళమ్మ. నేను ఏడవలేదు. వంటింట్లోకి వెళ్ళి క్యాబేజీ తరిగాను. చాలా సన్నగా తరిగాను. ఆ సంవత్సరమంతా మా ఇంట్లో క్యాబేజీ అంత సన్నగానే ఉండేది. మీ కోడలి పనితనం చూడండి అని పక్కింటివాళ్ళు అత్తగారి దగ్గర మెచ్చుకునేవాళ్ళు.

శరదృతువులో పిల్లకు జ్వరం వచ్చి ఎంతకీ తగ్గలేదు. తగ్గాక, ఒక ఆదివారం, “స్నేహితురాలి తోటలో మంచి గాలి తగులుతుంది” అని అత్తగారు పిల్లను తీసుకెళ్ళి సాయంత్రానికి తెచ్చింది. పిల్ల జుట్టు తడిగా ఉంది. స్నానం చేయించానంది. అప్పుడు నేను పట్టించుకోలేదు.

వసంతం వచ్చింది. మా గ్లాఫీరా పిన్ని, అమ్మ చెల్లెలు, పల్లె నుంచి వచ్చి నా ముఖం చూసి, “ఏమే, ఇంకా ఆ పేరు సంగతే కడుపులో పెట్టుకున్నావా?” అంది.

“పెట్టుకున్నా.”

“అయితే విను. మా ఊరి గుళ్ళో బాప్తిస్మం ఇప్పిద్దాం, ఈ చుట్టుపక్కల మూయకుండా మిగిలింది అదొక్కటే. అక్కడ వాల్యా అని పెట్టిద్దాం. ఆఫీసు వాళ్ళు ఏం రాసుకుంటే ఏంటి? పైవాడు గుళ్ళో పెట్టిన పేరుతోనే పిలుస్తాడు. మీ అత్త అక్కడికి వెళ్ళి మార్పించలేదుగా, ఆవిడకి ఆయన లేడాయె!”

పిన్ని మాట నాకు తేనెలా అనిపించింది. ఆ రోజుల్లో గుడికి పిల్లను తీసుకెళ్తే మాటలు ఆఫీసుల దాకా పాకేవి. అందుకే గ్లెబ్‌కు చెప్పలేదు. బస్సెక్కి వెళ్ళిపోయాం.

ముసలి ఫాదర్ నికోన్ గోరువెచ్చని నీళ్ళ తొట్టి దగ్గర పిల్ల బట్టలు విప్పుతూ ఆగాడు. చెవి వెనక చూశాడు. అక్కడ చిన్న ఎర్రటి పుట్టుమచ్చ ఉంది, అడవి స్ట్రాబెర్రీలాగా. అంతలో పిల్ల ఆయన గడ్డం పట్టుకుని లాగింది.

“అబ్బ! నువ్వేనా తల్లీ?” అన్నాడు ఫాదర్. “ఈ పిల్లను నేనొకసారి ముంచాను. పోయిన శరదృతువులో. అప్పుడూ ఇంతే, గుప్పెడు గడ్డం పట్టుకుపోయింది.”

పిన్ని నన్ను చూసింది. నేను ఫాదర్‌ను చూశాను. “ఎవరు తెచ్చారండీ?”

“ఒక పెద్దావిడ. ఖరీదైన బొచ్చుటోపీ సంచిలో కుక్కుకుని, ఎవరిదో శాలువా తలకు చుట్టుకుని వచ్చింది. తలుపు దగ్గర వెనక్కి తిరిగి చూసింది. పోయేటప్పుడూ చూసింది. మధ్యలో ఏడ్చింది.”

“ఏం పేరు పెట్టారు?”

“ఎవ్‌గేనియా. అమ్మా, రెండోసారి ముంచడం కుదరదు. బాప్తిస్మం ఒక్కసారే. పేరూ అంతే.”

పిన్ని గుడి అని కూడా చూడకుండా నవ్వింది. “నీ అత్త నీకంటే ముందు పైకి వెళ్ళి వచ్చిందే!”

ఆఫీసులో ఓడిపోయాను, పరలోకంలోనూ ఓడిపోయాను అనుకుంటూ బస్సెక్కాను. పిల్లను ఒళ్ళో పడుకోబెట్టుకుని కిటికీలోంచి కరుగుతున్న పొలాలు చూస్తూ కూర్చున్నాను. సగం దారిలో, బస్సు ఒక గుంతలో పడి లేచినప్పుడు, నాకు బుర్రలో వెలిగింది. గుళ్ళో పిల్లను ముంచింది ఎవరు? దేవుడు లేడని ఊరంతటికీ చెప్పే ఎవ్‌గేనియా ల్వోవ్నా. ఓడిపోయానని ఎవరన్నారు?

ఇంటికి వచ్చి, బాప్తిస్మంలో మెడలో వేసే శిలువ ఎక్కడో దాచే ఉంటుందని, అత్తగారు కుట్టిచ్చిన పిల్ల దిండును వేళ్ళతో నొక్కి చూశాను. మూలన గట్టిగా తగిలింది. కుట్టు విప్పితే చిన్న ఇత్తడి శిలువ. మళ్ళీ కుట్టలేదు.

ఆ వారమే సాంస్కృతిక భవనంలో ఉపన్యాసం. “పిల్లల పెంపకం, మత అవశేషాలు” అని తలుపు మీద అంటించారు. నేను పిల్లకు మంచి గౌను తొడిగి మొదటి వరసలో కూర్చున్నాను. అత్తగారికి సంతోషం కలిగింది. కోడలికి ఇన్నాళ్ళకు బుద్ధి వచ్చిందని వేదిక మీంచి తలూపింది కూడా.

చాలా బాగా మాట్లాడింది. బామ్మల అజ్ఞానం గురించి చెబుతున్నప్పుడు గొంతు వణికింది. హాలంతా చప్పట్లు కొట్టింది. నేనూ కొట్టాను, పిల్ల చేతులతో.

“ఏమైనా ప్రశ్నలున్నాయా, కామ్రేడ్స్?”

నేను చెయ్యెత్తాను. లేచి నిలబడి, పిల్ల మెడకింద కట్టిన గుడ్డను సర్దాను. గుడ్డ కింద దారానికి శిలువ ఉంది. వేదిక మీంచి కనబడేంత వరకే గుడ్డ ఎత్తాను. నా వెనకున్నవాళ్ళకు నా వీపే కనబడుతుంది.

“ఒక ఇంట్లో ఇలా జరిగిందనుకోండి” అన్నాను. “తల్లికి తెలియకుండా ఒక బామ్మ పిల్లను గుడికి తీసుకెళ్ళి ముంచింది. చదువుకున్న బామ్మ. అలాంటి బామ్మ విషయంలో పార్టీ వైఖరి ఏమిటి?”

ఎవ్‌గేనియా ల్వోవ్నా గ్లాసులో నీళ్ళు పోసుకుంది. సగం బల్ల మీద పోసింది.

“అలాంటి బామ్మను...” అంది. “అలాంటి బామ్మతో ఓపిగ్గా మాట్లాడాలి.”

“ధన్యవాదాలు. మాట్లాడతాను” అని కూర్చున్నాను.

కోట్లు తగిలించే గదిలో నన్ను మూలకు లాగింది.

“ఏం చేద్దామని? నన్ను బయటపెడితే గ్లెబ్ పని కూడా పోతుంది. తెలుసా?”

“తెలుసు. అందుకే ప్రశ్న అడిగాను, జవాబు చెప్పలేదు.”

“పిల్ల ఒళ్ళు కాలిపోయింది తాయా ఆ రోజుల్లో. డాక్టరు పెదవి విరిచాడు. తగ్గితే గుళ్ళో ముంచిస్తానని మొక్కుకున్నాను. దేవుడు లేడని నేను ఇరవయ్యేళ్ళుగా చెబుతున్నాను. కానీ...” గొంతు తగ్గించింది. “ఒకవేళ ఉంటే?”

ఆ క్షణాన ఆవిడ భుజం మీద చెయ్యి వేయబోయాను. నిజం. కానీ ‘నీళ్ళు పిలుస్తాయి’ అన్న మాట గుర్తొచ్చి ఆ చేత్తో నా కోటు అందుకున్నాను.

“పిల్ల కోసం చేశారు, సరే. అందుకు మీ మీద కోపం లేదు. మా నాన్న పేరు తీసేసిన సంగతి వేరే. పేరు మార్చడానికి అర్జీ పెట్టండి. మీ మాట ఆఫీసుల్లో చెల్లుతుంది, రిజిస్ట్రీలో చెల్లినట్టే. గ్లెబ్ చేత రాయించండి, మీరు పక్కన నిలబడండి.”

“ఊళ్ళో అందరూ అడుగుతారు, ఎందుకు మార్చారని.”

“మీరే చెప్పండి. మీకు మాట్లాడటం వచ్చుగా.”

ఆవిడ టోపీని చేతుల్లో తిప్పింది. “గుళ్ళో పేరు మాత్రం ఉంటుంది. అది నువ్వు తీయలేవు.”

“ఉండనివ్వండి. ఎవ్‌గేనియా అనే పునీతురాలి పండుగ, ఆ పేరువాళ్ళంతా చేసుకునేది, ఎప్పుడొస్తుందో చూశాను. క్రిస్మస్ ముందు రోజు. మొదటి నక్షత్రం పొడిచేదాకా కటిక ఉపవాసం. కేకు కూడా ఉండదు.”

మొదటిసారి నన్ను, తనతో సమానమైన మనిషిని చూసినట్టు చూసింది. “ఇంకేమైనా ఉందా?”

“ఒక్కటి. ఇకమీదట సాయంత్రాలు పిల్లను వాకిట్లో ఆడించేది మీరు. ఇంటికి పిలిచేదీ మీరే.”

అర్జీ తిరిగి తిరిగి ఎండాకాలానికి పని పూర్తి చేసుకుంది. కొత్త పత్రం గ్లెబే తెచ్చి నా చేతికిచ్చాడు. చివర మాట్లాడింది నేను మరి.

ఆ సాయంత్రం మా వాకిట్లో బెంచీ నిండా ముసలమ్మలు. పొద్దుతిరుగుడు గింజలు కొరుకుతూ ఊరి మంచిచెడ్డలు తేలుస్తున్నారు. పిల్ల ఇసుక పెట్టెలో బకెట్టుతో కూర్చుంది. నేను మా మూడో అంతస్తు కిటికీలో చిన్న రెక్క తెరిచాను.

అత్తగారు గొంతు సవరించుకుంది. “జె...” అంటూ పైకి చూసింది. నేను చెయ్యి ఊపాను. “గట్టిగా, ఎవ్‌గేనియా ల్వోవ్నా! ఇక్కడిదాకా వినబడాలి!”

“వాల్యా” అంది. “వాల్యా, ఇంటికి రా.”

బెంచీ మీద గింజలు కొరికే చప్పుడు ఆగిపోయింది.

పిల్ల తల ఎత్తలేదు. ఎందుకెత్తుతుంది? పుట్టినప్పటి నుంచి దాన్ని జెన్యా అని అలవాటు చేసింది ఆవిడే. అందుకని మళ్ళీ పిలవాల్సి వచ్చింది. ఆ తర్వాత ఇంకోసారి.

“ఎవర్నమ్మా పిలుస్తున్నావు, ఎవ్‌గేనియా ల్వోవ్నా?” అంది బెంచీ చివరి ముసలమ్మ. “వాల్యా ఎవరు? మగపిల్లాడా, ఆడపిల్లా?”

“నా మనవరాలు” అంది అత్తగారు, పళ్ళ మధ్య నుంచి. “వాళ్ళ తాత పేరు.”

“ఏ తాత?”

“తెప్పల వాలెంతిన్.”

“ఓ, ఆయనా! మంచి మనిషి” అన్నారు బెంచీ మీద ఇద్దరు ముగ్గురు. గింజలు మళ్ళీ మొదలయ్యాయి.

పిల్ల ఆ ఎండాకాలం సగం గడిచేదాకా ఆ పిలుపుకు తిరగలేదు. నేను నేర్పలేదు. నేర్పితే త్వరగా అయిపోయేది. రోజూ సాయంత్రం బంగాళాదుంపలు చెక్కుతూ కిటికీ దగ్గర నిలబడేదాన్ని. మా కిటికీలోంచి గోదాముల కప్పుల మీదుగా వోల్గా సన్నటి గీతలా కనబడుతుంది. అత్తగారి గొంతు ఉపన్యాసాలకు అలవాటైన గొంతు. గాలి అటు వీచినప్పుడు రేవుదాకా వినబడుతుందని పడవలవాళ్ళు అనేవాళ్ళు.

నీళ్ళు పిలుస్తాయని కదా ఆవిడ భయపెట్టింది. నీళ్ళు ఎప్పుడూ పిలవలేదు. పిలిచింది ఆవిడే.