మూకీ సినిమాలో పోయిన మాట

“బయటికెళ్ళే మనిషిని వెనకనుంచి పిలుస్తావేంటి భానూ?” అని మా అత్తయ్య పొద్దున కూడా విసుక్కుంది. ఆయన క్యారేజీ మర్చిపోయారని పిలిచాను. ఆయన లోపలికొచ్చి, సోఫాలో కూర్చుని, నేనిచ్చిన మంచినీళ్ళు తాగి, దోషం పోయాక మళ్ళీ బయల్దేరారు. పిలవకపోతే ఎండన పడి ఆ క్యారేజీ ఆటోనగర్ దాకా మోసుకెళ్ళేది ఎవరట? నేనే.

మా ఆయన తిరుపతిరావుగారికి అక్కడ స్పేర్ పార్ట్స్ షాపు. ఆదివారాలు మాత్రం ఫిలిం క్లబ్బు. వందేళ్ళనాటి మూకీ సినిమాలు తెప్పిస్తారు. బొమ్మల మధ్య వచ్చే మాటల కార్డులను తెలుగులో రాసేది నేను, కరపత్రంలో పేరు ఆయనది. “ఇంట్లో ఖాళీగానే ఉంటావుగా” అంటారు.

ఈసారిది గ్రీకు పురాణం. చచ్చిపోయిన భార్యకోసం ఒక పాటగాడు పాతాళానికి వెళ్తాడు. తీసుకుపో, పైకి చేరేదాకా మాత్రం వెనక్కి చూడకు అంటాడు అక్కడి రాజు. అతను ముందు, ఆమె వెనక. గుమ్మం దగ్గర ఆమె పెదవులు కదులుతాయి. అతను తిరిగి చూస్తాడు. ఆమె చీకట్లోకి వెళ్ళిపోతుంది. ఆమె అన్న మాట తాలూకు కార్డు ఎప్పుడో పోయింది, ఆ చోట నలుపే మిగిలింది. “నన్ను మరువకండి స్వామీ” అని రాసెయ్యమన్నారు ఈయన.

మధ్యాహ్నం గిన్నెలు తోముకుని లాప్‌టాప్ ముందు కూర్చున్నాను. మొదటిసారి వేస్తే గుమ్మం దగ్గర ఆమె, తన భర్త వీపువైపే చూసింది. మళ్ళీ వేస్తే నావైపు చూసింది. గబుక్కున సినిమా ఆపేశాను. బొమ్మ ఆగింది. పెదవులు ఆగలేదు.

ఆ వీపు నాకు తెలుసు. నిరుడు పామర్రులో అమ్మ దగ్గరుండి బడిలో పాఠాలు చెప్పుకుంటూ ఎంత హాయిగా ఉన్నాననీ! ఈయన వచ్చి “పద” అన్నారు. బస్టాండుదాకా వెనక్కి చూడకుండా నడిచారు. నేను పిలవలేదు. పిలవకూడదని నేర్పారుగా, నోరు మూసుకుని వెనకే నడిచాను.

తెరమీద పెదవులు ఇంకా కదులుతున్నాయి. ఆమె బతిమాలటం లేదు. కావాలనే పిలుస్తోంది. అతను తిరిగి చూస్తే తను మళ్ళీ అతని ఇంటికి వెళ్ళక్కర్లేదు. కార్డుమీద “ఏమండీ” అని రాశాను. అప్పుడు ఆ పెదవులు ఆగాయి.

ఆదివారం సాయంత్రం ఆయన సినిమా ఉన్న పెన్‌డ్రైవ్ జేబులో వేసుకుని గేటు దాకా వెళ్ళారు.

“ఏమండీ” అని పిలిచాను.

అత్తయ్య తల కొట్టుకుంది. ఆయన తిరిగొచ్చి, సోఫాలో కూర్చుని మంచినీళ్ళడిగారు.

“ఫ్రిజ్‌లో ఉన్నాయండీ, తీసుకోండి. నేను పామర్రు వెళ్తున్నాను. ఈసారి తీసుకెళ్ళడానికి రావద్దు.”

బ్యాగు తీసుకుని గేటు దాటుతుంటే నన్ను వెనకనుంచి పిలిచింది అత్తయ్యే. నేను తిరిగి చూడలేదు.