మంగళం పాడని టేపులు

తోలుబొమ్మలాటకు పిలిచేవాళ్లు లేక, ధర్మవరం దగ్గర మా ఊళ్లో బొమ్మలు పెట్టెల్లోనే మగ్గుతున్న రోజులవి. 1994లో హిందూపురం వీడియో హాలు శంకరప్ప నాకు కబురుపెట్టాడు.

"నరసక్కా, జపాన్ దయ్యాల టేపులు వచ్చిండాయి. జనాలకు ఒక్క ముక్క అర్థం కాదు. టీవీ పక్కన కూచోని, దయ్యమయ్యే ఆయమ్మకు నువ్వు మాట్లాడల్ల" అన్నాడు.

సీతకూ మండోదరికీ గొంతిచ్చినదాన్ని, జపాన్ దయ్యానికి ఇవ్వలేనా? మైకు పట్టుకున్నాను.

ఎన్నో ఏళ్లపాటు తీసిన పాత సినిమాలవి, ప్రతి టేపులోనూ దయ్యం వేషం ఆమెదే. పేరు తెలియదు, మనసులో చెల్లెలని పిలుచుకున్నాను. మొదటి టేపులో పదహారేళ్ల పిల్ల, వంతెన మీంచి తోసేస్తారు. తర్వాత పెళ్లికూతురు, విషం పెడతారు. ఆ తర్వాత తల్లి, ఆనక తెల్లజుట్టు అత్త. ఆ దిక్కుమాలిన దర్శకులకు ఆమెను చంపడం తప్ప వేరే పనే లేదు. తొమ్మిదేళ్లలో ఆమె వయసంతా నా గొంతులోంచే గడిచింది.

మా ఆటలో చచ్చిన బొమ్మకు చివర్లో హారతిచ్చి, మంగళం పాడాకే పెట్టెలో పెడతాం. పాడకపోతే ఆడించినవాళ్ల గొంతు అడుగుతుందని మా అవ్వ చెప్పేది. టేపు చివర్లో ఆమెకు నేను పాడబోతే శంకరప్ప టేపు ఆపేసేవాడు.

"మంగళం ఎవురు వింటారక్కా? తర్వాతాటకు జనం కాసుకోనుండారు."

కూటికోసం నోరు మూసుకున్నాను, బుద్ధి గడ్డితిని. టేపు టేపుకూ నా గొంతు బొంగురుపోతూ వచ్చింది.

2003లో అతను పెనుకొండలో తెరిచిన కొత్త హాలుకు ఆమె చివరి టేపు వచ్చింది. మధ్యాహ్నం ఆట. ముసలిదైన చెల్లెలు తెరలోంచి నేరుగా నా వైపు చూసి పెదాలు కదిపింది. నేనింకా నోరు తెరవలేదు. అయినా హాలంతా నా గొంతే వినిపించింది, పడుచునాటి గొంతు.

"అక్కా, ఇన్నిసార్లు సంపినారే. ఒక్కసారన్నా పాడలేదేమక్కా?"

నేనే మాట్లాడాననుకుని జనం చప్పట్లు కొట్టారు. శంకరప్ప ఎప్పట్లాగే టేపు ఆపబోయాడు. అతని చెయ్యి లాగిపడేసి, మంగళం ఎత్తుకున్నాను. నా నోట్లోంచి గాలి తప్ప ఏమీ రాలేదు.

ఇప్పుడు ఆ టేపులకు మైకు అక్కర్లేదు. ఆమే తెలుగులో గలగలా మాట్లాడుతుంది. అదంతా తన అదృష్టమనుకుంటాడు శంకరప్ప, పాపిష్టివాడు. నాకూ టికెట్టు చించుతాడు. రోజూ ముందు బల్ల మీద కూర్చుని నా గొంతు నేనే వింటాను. చివర్లో ఆమె నా వైపు చూసి ఆగుతుంది. నేను పెదాలు కదిపి మంగళం పాడతాను. గొంతు మాత్రం ఆమె తిరిగి ఇవ్వడం లేదు.