పాలు పొంగేలోపు

ఆవిడ పాడితే జనానికి ఆకలి వేసేది. సుష్టుగా తిని వచ్చి కూర్చున్నవాళ్లకు కూడా రెండో పాటకే కడుపులో ఎలుకలు పరిగెత్తేవి. మూడో పాటకు కాళ్లు తిమ్మిరెక్కేవి. తీరా వీధిలోకి వచ్చి అక్కడి గడియారం చూస్తే, కచేరీ మొదలై కాసేపు కూడా అయి ఉండేది కాదు. "గొంతు బంగారమేనండీ, కచేరీయే ఒక పట్టాన తెమలదు" అని పిలిచినవాళ్లే దణ్ణం పెట్టేశారు. అలా పేరు రాకముందే ఆ గాయని పాట మూలపడింది.

అసలు సంగతి ఆమెకొక్కదానికే తెలుసు. తన పాట వినబడినంత మేరా కాలం సాగుతుంది. లోపల ఒక పూట గడిచిపోతే, బయట పొయ్యి మీది పాలు పొంగేంత సేపు కూడా కాదు.

ఈ సంగతి విని ఎగిరి గంతేసిన మగాడు లోకంలో ఒక్కడే. అతడు దర్జీ. "రేపు రండి" అన్నది అతడి ఊతపదం. బట్టలిచ్చినవాళ్లు తిరిగి తిరిగి చెప్పులరగదీసుకునేవారు. ఆమెను పాట కోసం పెళ్లి చేసుకున్నావా, గడువు కోసం చేసుకున్నావా అంటే, రెండింటికీనని ఒప్పేసుకుంటాడు. అబద్ధం అతడి ఒంటికి పడదు.

పెళ్లయ్యాక వాళ్ల పని ఒక పద్ధతిలో పడింది. ఆమె వంటింట్లో పాలు పొయ్యి మీద పెట్టి వచ్చి, కొట్టు గది తలుపు మూసేది. అతడు మిషను తొక్కుతుంటే, ఆమె కాజాలు కుడుతూ పాడేది. చొక్కాలు, లంగాలు, లైనింగు వేసిన కోట్లు అన్నీ ఇస్త్రీతో సహా పూర్తయ్యేవి. అప్పుడామె తాపీగా లేచి వెళ్లి, అంచుదాకా వచ్చిన పాలు దించేది. "మీ చేతిలో ఏదో మహత్తుందండీ" అని జనం నోళ్లు వెళ్లబెట్టేవారు. దర్జీ మీసం దువ్వుకునేవాడు.

ఆ మీసం తొందరగానే తెల్లబడింది. పక్కింట్లో ఉండే అన్నగారి జుట్టు ఇంకా నిగనిగలాడుతుంటే, తమ్ముడి తల ముగ్గుబుట్టయింది. కొత్తవాళ్లెవరైనా వస్తే అన్నగారిని చూపించి, "మీ అబ్బాయా?" అని దర్జీని అడిగేవారు. అన్నగారు పకపకా నవ్వేవాడు. గాయనికి మాత్రం నవ్వు వచ్చేది కాదు.

వాళ్లకొక కూతురు. ముద్దుపేరు గుండీ. ఆ పిల్ల బాల్యం కూడా ఇలా ఖర్చయిపోకూడదని, పనివేళ పెదనాన్న ఇంటికి పంపేసి మరీ తలుపు మూసేవారు. దాంతో గుండీకి తల్లి గొంతు కేకలేస్తేనే తెలుసు. జోలపాట బాధ్యత దర్జీ మీద పడింది. అతడు పాడితే చెక్క మీద రంపం లాగినట్టుండేది. ఆ పాట వినలేక పిల్ల త్వరగా నిద్రపోయేది.

ఒకరోజు గాయని బడికి వెళ్లింది. పంతులమ్మ ఎదురొచ్చి కుర్చీ వేసింది.

"కూర్చోండి అమ్మమ్మగారూ. పాప వాళ్లమ్మకి వీలు పడలేదా?"

"ఈవిడే మా అమ్మ" అంది గుండీ, చెయ్యి గట్టిగా పట్టుకుని.

పంతులమ్మ నాలిక్కరుచుకుంది. గాయని ఏదో నవ్వేసిందేగానీ, ఇంటికి వచ్చేదాకా గుండీ చెయ్యి వదల్లేదు. ఊరందరి బట్టలకూ పోసిన కాలం తమ ఇద్దరి ఆయువులోంచే పోయింది. ఈ లెక్కన గుండీ పెరిగి పెద్దయ్యేసరికి తాము ఉంటామా? ఆ భయం ఆమెను అన్నం కూడా తిననివ్వలేదు.

అయినా ఆ సాయంత్రం అన్నగారి కోటు మిగిలి ఉంది. మర్నాడు ఫొటో దిగాలట. ఆమె పాలు పెట్టి వచ్చి కూర్చుంది. మనసు మనసులో లేక తలుపు గడియ మరిచిపోయింది. రెండో చరణంలో ఉండగా తలుపు తెరుచుకుంది.

"అమ్మా, నువ్వు పాడతావా?"

పాట ఠక్కున ఆగింది. పెదనాన్న ఇంట్లో ఉండాల్సిన గుండీ కళ్లింత చేసుకుని గుమ్మంలో నిలబడి ఉంది. ఇక దాచి లాభం లేదని గాయని ఉన్నదున్నట్టు చెప్పేసింది. పిల్ల గోరు కొరుక్కుంటూ అంతా విని, బాగా ఆలోచించింది.

"అయితే నేనూ రోజూ వింటా. గబగబా పెద్దదాన్నైపోయి నీకు దగ్గరగా వచ్చేస్తా. అప్పుడెవరూ అమ్మమ్మ అనరుగా?"

గాయని కూతుర్ని లాక్కుని గుండెలకు హత్తుకుంది.

"నువ్వు పరిగెత్తుకు రావద్దే తల్లీ. నేనే ఆగుతా."

దర్జీ పెడల్ మీంచి కాలు తీశాడు. మిషను మీద గుడ్డ కప్పేశాడు.

"మరి మీ అన్నయ్య కోటో?" అందామె.

"రేపు రమ్మంటాలే" అన్నాడతడు. ఆ మాట అని ఎన్నేళ్లయిందో!

"ఒక్క జోలపాట పాడవా అమ్మా? ఒక్కటే" అంది గుండీ.

ఆమె భర్త వైపు చూసింది. అతడు తలూపి, లేచి తలుపు వేసి వచ్చాడు. గుడ్డముక్కల కుప్ప మీద ముగ్గురూ చేరగిలబడ్డారు. పని లేకుండా ఆ గదిలో పాట సాగడం అదే మొదటిసారి. గుండీ తల్లి ఒళ్లో నిద్రపోయింది. గాయని పాడుతూనే పిల్ల కనురెప్పల్నీ, మోకాలి మీది పాత దెబ్బనీ తనివితీరా చూసుకుంది. పాటకు తుది లేకుండా చేయడం ఆమెకు చేతనవును. ఇలాగే ఉండిపోవాలని ప్రాణం కొట్టుకుంది. కానీ పాట సాగినంతసేపూ ఒళ్లోని పిల్ల బాల్యమూ కరుగుతుంది. చివరి చరణం అందుకుని, ఆమె మెల్లగా ముగించింది.

కాసేపటికి వంటింట్లో పాలు పొంగి పొయ్యి మీద పడ్డాయి. మాడిన వాసన వచ్చింది. ఇద్దరిలో ఎవరూ లేవలేదు.