చి.ల.సౌ. ఇంద్రాణికి

బాలత్రిపురసుందరి టీచరుగారి దగ్గర ఇంగ్లీషు నేర్చుకోవడమంటే ముందు నిఘంటువు మోయడమని ప్రశాంతికి మొదటి వారంలోనే తెలిసిపోయింది. అలమరలోంచి ఆ పుస్తకాన్ని పసిపిల్లను ఎత్తినట్టు రెండు చేతులా ఎత్తాలి. వరండాలో బల్ల మీద తువ్వాలు పరిచి, అట్ట ఊడకుండా దించి, నిన్న ఆపిన చోట తెరవాలి. టీచరుగారికి నీటికాసులు వచ్చి మూడేళ్ళయింది. మనిషి ఎదురుగా నిలబడితే ఆకారం తెలుస్తుంది గాని ముఖం తెలియదు. అక్షరాల సంగతి సరేసరి. అందుకని ప్రశాంతి చదువుతుంది, ఆవిడ కళ్ళు మూసుకుని వింటారు. నచ్చిన మాట వస్తే చెయ్యెత్తుతారు. అప్పుడు ఆ మాటను నోటుబుక్కులోకి ఎక్కించి, అర్థం రాసి, సొంతంగా వాక్యం కట్టాలి. వాక్యం కట్టలేని మాట మనది కాదని ఆవిడ నమ్మకం.

ప్రశాంతిది సోంపేట దగ్గర పల్లె. చదువంతా ఊరి బడిలోనే సాగింది. రైల్వే పరీక్షకు ఇంగ్లీషు కావాలని ఖరగ్‌పూర్ పూరీ గేట్‌లో ఉన్న అక్క ఇంటికి వచ్చింది. రోజూ మధ్యాహ్నం అన్నం తిని సుభాష్‌పల్లికి నడిచి వస్తుంది. మాట తక్కువ, చూపు ఎక్కువ. ముప్పైనాలుగేళ్ళు పాఠాలు చెప్పిన టీచరుగారికి అలా వినే పిల్ల దొరకడమే పండగ.

ఆ రోజు వాళ్ళు 'సి' అక్షరంలో ఉన్నారు.

"కం-పె-ల-టివ్," అని కూడబలుక్కుంది ప్రశాంతి. చెయ్యి లేచింది.

"అర్థం?"

"పిలవడానికి సంబంధించినది అని రాసినారండి. ఒకర్ని సంబోధించినప్పుడు వాడేది. ఇప్పుడెవరూ పెద్దగా వాడరు అని కూడా ఉంది."

"నేనే జీవితంలో రెండుసార్లు చూసుంటాను. విశేషణం. రికార్డులో రాసే పేరు ఒకటుంటుంది, నోరారా పిలిచే పేరు ఒకటుంటుంది. ఆ పిలిచే పేరును గురించి చెప్పడానికి ఈ మాట. పూర్వం ఆ పేరునే ఈ మాటతో అన్నవాళ్ళూ ఉన్నారు. దీని మూలం లాటిన్‌లో ఉంది. అక్కడ పలకరించడమనీ అర్థమే, నిలదీయడమనీ అర్థమే."

"పలకరించడానికీ నిలదీయడానికీ ఒకటే మాటేటండి?"

"ఒకటే. ఊఁ, వాక్యం. ముందు తెలుగులో చెప్పు. మీ ఇంట్లో నిన్నెవరెవరు ఏమని పిలుస్తారు?"

ప్రశాంతి ఆలోచించింది. "మా అప్ప గుంటా అంటాదండి. కింద వాటాలో రాధారాణి మాసీ బెంగాలీలో 'ఓ మెయే' అంటాది, ఓ పిల్లా అని. మా బావ ఏటీ అనడు."

"ఏమీ అనకుండా ఎలా పిలుస్తాడే?"

"నాను ఎదురుగా కంచం ముందు కూర్సునున్నా మా అప్పకే సెప్తాడండి. 'మీ సెల్లికి కూర కావాలేమో అడుగు' అని. 'అదేటి సెవిటిదా, నువ్వే అడుగు' అంటాది అప్ప. అప్పుడు గోడకేసి సూసి, 'కూర' అంటాడు."

గదిలో పడక్కుర్చీలో పేపరు చదువుతున్న గోపాలంగారు పెద్దగా నవ్వారు. ఆయన టీచరుగారి భర్త. రైల్వే ఆఫీసులో చేసి రిటైరయ్యారు.

"మీ బావ పనిచేసేది విద్యాసాగర్ పార్కు ఫ్యాక్టరీలో కదమ్మా! రోజంతా మిషన్లతో ఉంటాడు, పాపం. వాటిని పిలవక్కర్లేదు, బటన్ నొక్కితే చాలు. అయినా నా గతి చూడు. నలభై రెండేళ్ళుగా నేను 'ఏమండీ'ని. నా పేరు గోపాలమని మీ టీచరుకు తెలుసో తెలియదో."

"తెలుసు. శుభలేఖలో చదివాను," అన్నారు టీచరుగారు.

ఆ నవ్వు సందులోనే ఆయన, పెద్ద విషయమేమీ కానట్టు, "అన్నట్టు ప్రద్యుమ్న ఫోన్ చేశాడోయ్. రేపు వాళ్ళమ్మను తీసుకుని హౌరా వెళ్తున్నాడట. మధ్యాహ్నం బండి. మన ఊళ్ళో ఐదు నిమిషాలు ఆగుతుంది," అన్నారు.

టీచరుగారి నవ్వు అక్కడే ఆగిపోయింది.

"ఏ పెట్టెట?"

"'అమ్మకు తెలియకుండా చేస్తున్నాను పెదనాన్నా' అని గుసగుసగా అన్నాడు, పెట్టేశాడు. మళ్ళీ చేస్తే ఎత్తలేదు."

ప్రశాంతి కలం మూత పెట్టింది. టీచరుగారికి ఇంద్రాణి అనే చెల్లెలు ఒకావిడ విజయనగరంలో ఉందని, ప్రద్యుమ్న ఆవిడ కొడుకని ఆమెకు తెలుసు. అంతకు మించి ఎప్పుడూ అడగలేదు. అడగకుండా కూర్చుంటే మనుషులు వాళ్ళంతట వాళ్ళే చెబుతారు.

టీచరుగారు చెప్పారు.

ఐదేళ్ళ కిందట ఇంద్రాణి భర్త పోయాడు. అవి కరోనాకు రైళ్ళు ఆగిపోయిన రోజులు. ఈ ఊళ్ళో పుట్టిననాటి నుంచీ రైలు కూత వినని రోజు లేదు, అవసరమైనప్పుడు ఒక్క బండీ లేకపోయింది. ఫోన్‌లో మాట్లాడబోతే అక్కకీ ఏడుపే, చెల్లెలికీ ఏడుపే. అందుకని ఉత్తరం రాశారు. నాలుగు పేజీలు.

"ఆ ఉత్తరం పదో రోజు కర్మ అయిన మర్నాడు చేరింది. పైన ఏం రాశానో తెలుసా? చి.ల.సౌ. ఇంద్రాణికి అని."

ప్రశాంతి చేతులు ఒళ్ళో ముడుచుకుంది. చిరంజీవి లక్ష్మీ సౌభాగ్యవతి. ముత్తయిదువకు రాసే మాట. బొట్టు తీసిన మర్నాడు తోడబుట్టిన అక్క చేతిరాతలో అందింది.

"కావాలని రాశానా? దాని పెళ్ళయిన రోజు నుంచీ ముప్పై ఏళ్ళు ప్రతి ఉత్తరం అలాగే మొదలుపెట్టాను. చెయ్యి దానంతటదే రాసేసింది. నేను కింద ఏం రాయాలా అని ఏడుస్తున్నాను, పైన ఏం రాశానో చూసుకోలేదు. ఇంద్రాణి ఆ ఒక్క వరస చదివి ఉత్తరం మడిచేసిందట. కిందది ఇప్పటికీ చదవలేదట. ఫోన్ చేస్తే ప్రద్యుమ్న ఎత్తి 'అమ్మ పూజలో ఉంది పెద్దమ్మా' అంటాడు. ఐదేళ్ళుగా పూజలోనే ఉంది."

"తప్పయిపోనాదని ఇంకో ఉత్తరం రాయనేకపోనారేటండి?"

"రాయాలంటే ముందు పిలవాలి కదే. ఏమని పిలవను? ఉత్త చిరంజీవి అని రాస్తే, తీసేసిందేదో అక్కడ కొట్టొచ్చినట్టు కనిపిస్తుంది. ఇంద్రాణికి అని బోడిగా రాస్తే..."

ఆ మాట నోరు దాటాక ఆవిడే ఉలిక్కిపడ్డారు. పెదవి మీద వేలు పెట్టుకుని అలాగే ఉండిపోయారు.

"ఒక్కసారి అక్కా అంటే చాలు," అన్నారు చివరికి. "తిట్టినా సరే. అక్కా అని పిలిచి తిట్టినా సరే."

మర్నాడు ప్రశాంతి పదకొండింటికే వచ్చింది. టీచరుగారు అప్పటికే తయారై కూర్చున్నారు. జడలో మల్లెపూలు తడుముకుంటున్నారు.

"ఇవి తీసేయనా? దాని ఎదురుగా..."

ఆవిడే తీసి బల్ల మీద పెట్టేశారు. బొట్టు పెద్దదిగా ఉందా అని ప్రశాంతిని అడిగారు. ఉంది. కొంగు చివరతో అద్ది చిన్నది చేసుకున్నారు.

"నా మోకాళ్ళు ఆ ఓవర్‌బ్రిడ్జి ఎక్కవు. నువ్వే దగ్గరుండి తీసుకెళ్ళమ్మా," అన్నారు గోపాలంగారు. టోటో రిక్షా ఎక్కించి, కదలబోతుంటే వంగి భార్యతో అన్నారు. "పలక్కపోతే బాధపడి అక్కడే కూర్చోకు. వచ్చేయ్."

ఖరగ్‌పూర్‌లో ప్లాట్‌ఫారం ఒక చివర నిలబడితే రెండో చివర నిలబడ్డ మనిషి చీమంత. ఏ పెట్టో తెలియదు కనుక మధ్యలో, కప్పు కింద నిలబడ్డారు. బండి ఇరవై నిమిషాలు ఆలస్యం. టీచరుగారు ఒక చేత్తో ప్రశాంతి భుజం పట్టుకున్నారు. పెదవులు కదులుతున్నాయి. ఏమే ఇంద్రాణీ. అమ్మా ఇంద్రాణీ. ఒకసారి అన్నది మళ్ళీ అనడం లేదు. పొయ్యి దగ్గర పిండి రుచి చూసి వద్దనుకున్నట్టు, ఒక్కొక్కటే నాలుక మీద పెట్టుకుని తీసేస్తున్నారు.

"ఏసీ పెట్టె అయితే ఎంత అరిచినా వినపడదు. అద్దాలు బిగించేసి ఉంటాయి," అన్నారు.

"స్లీపరే అయ్యుంటాదండి."

బండి వచ్చింది. పెట్టెలు ఒకటొకటీ దాటి నెమ్మదిగా ఆగాయి. దిగేవాళ్ళు, ఎక్కేవాళ్ళు, టీ అమ్మేవాళ్ళు ఒక్కసారిగా మీద పడ్డారు. టీచరుగారికి అదంతా రంగు రంగుల పొగలా కనిపించి ఉంటుంది. నోరు తెరిచారు. గొంతు కదిలింది. శబ్దం రాలేదు. మళ్ళీ తెరిచారు. ప్రశాంతి భుజం మీద ఆవిడ వేళ్ళు మాత్రం గట్టిగా బిగుసుకున్నాయి.

ఐదు నిమిషాల్లో ఒకటి అలా పోయింది.

ఈ ఊరొచ్చాక ప్రశాంతి గట్టిగా మాట్లాడింది లేదు. కాని ఊళ్ళో ఉన్నప్పుడు, మడిలో ఉన్న నాన్నను ఇటు గట్టు మీద నుంచి అన్నానికి పిలిచిన గొంతు అది. "ఇక్కడే ఉండండి, కదలకండి," అని ఆవిడ చేతిని స్తంభానికి ఆనించి పరుగెత్తింది.

"ఇంద్రాణమ్మా! ఓ ఇంద్రాణమ్మా!"

కిటికీల్లోంచి తలలు బయటికి వచ్చాయి. "కాకే ఖూంజ్‌ఛో దీదీ?" అన్నాడు ఒక టీ దాదా, ఎవర్ని వెతుకుతున్నావని. జవాబు చెప్పే తీరిక లేదు. ఒక ముసలావిడ చెయ్యి ఊపింది. "నా పేరు ఇంద్రావతమ్మా, నన్నేటి?" అంది ఆశగా. "కాదు మామ్మా," అని దాటిపోయింది. కప్పు అయిపోయింది. ఎండ మొదలైంది. చివరి నుంచి రెండో పెట్టె.

"ఓ ఇంద్రాణమ్మా!"

కిటికీ ఊచ మీద ఒక చెయ్యి లేచింది. సరిగ్గా వరండాలో మంచి మాట దగ్గర లేచినట్టే లేచింది. ప్రశాంతి టక్కున ఆగిపోయింది. లేత బూడిదరంగు చీర, ఉత్త నుదురు, అదే గడ్డం.

"ఎవరమ్మా నువ్వు? ఈ ఊళ్ళో నన్ను పిలిచేవాళ్ళెవరూ లేరే."

"ఉన్నారండి. టీచరమ్మగారు వొచ్చినారు. అల్లక్కడున్నారు. నడిచి రానేరు, కళ్ళు అవుపడవు."

"కళ్ళు కనపడకపోవడమేమిటి?"

"నీటికాసులండి. మూడేళ్ళయినాది."

ఆవిడ వెనక్కి తిరిగి కొడుకును చూసింది. ప్రద్యుమ్న సీసా మూత తిప్పుతూ, "చెప్పనిస్తే కదమ్మా. పెద్దమ్మ పేరెత్తితే లేచెళ్ళిపోతావు," అన్నాడు.

ప్రశాంతి మిగతాది వినలేదు. వచ్చిన దారినే పరుగెత్తింది. టీచరుగారు స్తంభాన్ని రెండు చేతులా పట్టుకుని నిలబడి ఉన్నారు.

"దొరికినారండి. రండి, రండి."

డెబ్బైకి దగ్గరపడిన మనిషి పరుగెత్తారు. చెప్పు ఒకటి జారిపోతే వదిలేశారు. ఎండలోకి వచ్చేసరికి ఇంజను కూసింది. ప్రశాంతి చెయ్యి విడిపించుకుని ఆవిడే ముందుకు వెళ్ళి, ఊచలు చేతికి తగలగానే పట్టుకున్నారు. పక్క కిటికీ అది. అందులో పకోడీ పొట్లం పట్టుకుని ఎవరో పెద్దమనిషి కూర్చుని ఉన్నాడు.

"నేనే వచ్చాను," అన్నారు టీచరుగారు ఆ పెద్దమనిషితో. "రైళ్ళు లేవు ఆ రోజున. నేనే రావలసింది. చెయ్యి రాసేసిందమ్మా. నేను రాయలేదు."

ఆయన బిత్తరపోయి పొట్లం ఒళ్ళో పెట్టుకున్నాడు. ఇటు కిటికీలోంచి ఇంద్రాణి చూస్తోంది. చిన్నప్పుడు తనకు అక్షరాలు దిద్దబెట్టిన మనిషి, ఒక కాలికి చెప్పు లేకుండా, ఎవరో ఊరూపేరూ తెలియనివాణ్ణి బతిమాలుకుంటోంది. ప్రశాంతి ఆవిడను సరిచేయబోయి ఆగింది. ఆ పని తనది కాదనిపించింది.

బండి ఒక కుదుపు కుదిపి కదిలింది.

"ఇటు," అంది ఇంద్రాణి. గొంతు బొంగురుగా వచ్చింది. "అటు కాదు. ఇటు చూడు."

టీచరుగారు తల తిప్పారు. ఊచలు చేతిలోంచి జారిపోయాయి.

"నెత్తిన కొంగైనా లేకుండా ఆ ఎండలో నిలబడ్డావేం? నీడలోకి వెళ్ళు!"

తర్వాత ఇంకేదో అన్నట్టే ఉంది. చక్రాల చప్పుడులో కలిసిపోయింది. చివరి పెట్టె దాటిపోయింది. ప్లాట్‌ఫారం ఆ కొసన ఒక్కసారిగా ఖాళీ అయింది.

టీచరుగారు బండి వెళ్ళినవైపే ముఖం పెట్టి నిలబడ్డారు. ప్రశాంతి వెళ్ళి చెప్పు తెచ్చి కాలి దగ్గర పెట్టింది.

"అక్కా అందా?" అడిగారు ఆవిడ. "నాకే వినపడలేదేమో. చప్పుడుగా ఉంది కదా."

అన్నారండి అనేస్తే సరిపోతుంది. ఎవరు చూడొచ్చారు? ప్రశాంతి ఆ ముఖంకేసి చూసింది. నిఘంటువులో ఒక్క అక్షరం తప్పు చదివినా పట్టేసే ముఖం అది.

"నేదండి. నాకు ఇనపడినంతవరకు అన్నేదు."

"ఊఁ."

టీచరుగారు పాదంతో తడిమి చెప్పు తొడుక్కున్నారు.

"కాని నాతోనే కదా అంది? ఆ మాట? నా పక్కన ఇంకెవరైనా ఉన్నారా?"

"మీతోనే అండి. ఎవరూ నేరు. మిమ్మల్నే సూసి అన్నారు. అన్నాక కూడా తల లోపలికి తీసుకోనేదు. అవుపడినంత దూరం సూస్తానే ఉన్నారు."

ఆవిడ ముక్కు ఎగబీల్చారు. కొంగు ముందుకు లాగి, తలమీదుగా కప్పుకుని, చెవుల వెనక్కి సర్దుకున్నారు. చెప్పిన మాట వినే చిన్నపిల్లలా, నెమ్మదిగా, చక్కగా సర్దుకున్నారు. తర్వాత ప్రశాంతి కోసం చెయ్యి చాపారు.

"పద. వెళ్ళమంది కదా," అన్నారు. "నీడ ఎటుందే?"