అది చూడని ముఖం

దర్శకుడు తన మేనత్త రాసిన కథనే సినిమాగా తీశాడు. అందులో ఒక అమ్మాయి ఎదుటికి నక్షత్రాల అవతలి నుంచి ఏదో వస్తుంది. అదెలా ఉంటుందో ఆవిడ ఎక్కడా రాయలేదు. నిర్మాత మాత్రం పట్టిన పట్టు విడవలేదు. "టికెట్ కొన్నవాడికి ఏదో ఒకటి కనబడాలి కదయ్యా!" అన్నాడు. గ్రాఫిక్స్ వాళ్లు నెలల తరబడి తంటాలు పడి, ఒళ్లంతా కళ్లతో ఒక ఆకారాన్ని తయారు చేశారు. తెలిసినవాళ్లను పిలిచి సినిమా వేసి చూపిస్తే, అది తెర మీదకు రాగానే వెనక వరుసలో ఎవరో కిసుక్కుమన్నారు. ఆ నవ్వు హాలంతా పాకింది.

మర్నాడు దర్శకుడు అత్తను ఎడిటింగ్ గదికి తీసుకొచ్చాడు. ఆవిడ కళ్లజోడు తుడుచుకుని చివరిదాకా చూసింది.

"అసలది ఎలా ఉంటుందత్తా?"

"నాకేం తెలుసురా? తెలిస్తే రాయనూ?"

"పోనీ దాన్ని తీసేస్తాను. ఆ అమ్మాయి ముఖం ఒక్కటే ఉంచుతాను."

"ఉంచి ఏం లాభం? అది తనను మింగేస్తుందని భయపడుతోంది ఆ పిల్ల. నా కథలో అది మింగదు. ఆమె వంక కూడా చూడదు. చీమల పుట్ట పక్కనుంచి మనం పోమూ, అలా పోతుంది."

దర్శకుడు నిర్మాతను బతిమాలి ఆ సీనుకు మళ్లీ షూటింగ్ పెట్టుకున్నాడు. ఆ అమ్మాయి వేషం వేసిన నటికి తెలియకుండా మిగతా అందరికీ ఒక మాట చెప్పాడు.

కెమెరా తిరుగుతోంది. ఆమె డైలాగు మధ్యలో ఉండగానే లైట్‌బాయ్‌లు లైట్లు దించసాగారు. మేకప్ ఆవిడ పెట్టె సర్దుకుంది. "ఏమైంది? కట్ చెప్పారా?" అని నటి అడిగింది. ఎవరూ పలకలేదు. ఆమె వచ్చి దర్శకుడి ఎదుట నిలబడింది. అతను ఆమె భుజం మీదుగా గోడను చూస్తూ ఫోన్లో మాట్లాడాడు.

"సార్, నేనిక్కడే ఉన్నాను!" అని అరిచింది. కాసేపటికి అరవడం మానేసింది. అప్పటి ఆమె ముఖాన్ని కెమెరామన్ మూలనుంచి కెమెరాలో పట్టుకున్నాడు.

సంగతి విని అత్త అడిగింది. "తర్వాతైనా ఆ పిల్లకు చెప్పావా?"

"చెప్పాను. చెంప పగలగొట్టింది."

"మంచి పని చేసింది."

డబ్బింగ్‌కు వచ్చినప్పుడు నటి అందరినీ బయటికి పంపి, ఆ సీను ఒక్కతే చూసుకుంది. ముఖం ఉంచమంది, అరుపు తీసేయమంది. దర్శకుడు అలాగే చేశాడు.

సినిమా ఓ మోస్తరుగా ఆడింది. ఆ సీను దగ్గర మాత్రం హాల్లో ఎవరూ నవ్వలేదు. తర్వాతి సినిమాకు అడిగితే ఆమె రానంది.