అనుమతిపత్రము వచ్చిన నాఁడు

శరత్కాలమేఘములు దూదిపింజలవలె విజయనగరదుర్గప్రాకారముల మీఁదుగాఁ దేలిపోవుచుండఁగా అపరాహ్ణభానుకిరణములు వేపకొమ్మల సందులనుండి జాఱి యొక చిన్నయింటి యరుఁగుపై వెలుఁగుపూలు చల్లుచున్న వేళ వరహాలమ్మ యా వెలుఁగును అరచేత తడవి చూచుచుండెను. నీటికాసుల వ్యాధిచే నామె చూపు దినదినమును సన్నగిల్లుచుండెను. వేసవి ముగియకమునుపే పూర్తిగాఁ బోవునని వైద్యుఁడు చెప్పియుండెను.

ఆమె కోరిక యొక్కటియే. నలువదియాఱేండ్ల క్రిందట నొక చారిత్రక యుద్ధచిత్రమున వేయిమంది సైనికులలో నొకఁడై ఖడ్గము త్రిప్పి యా చిత్రము విడుదల కాకమునుపే విషజ్వరమున మరణించిన భర్త పోలినాయుని మొగమును కన్నులాఱకముందు ఒక్కసారి చూడవలెను. ఆయన ఛాయాచిత్రమొక్కటియు నా యింట లేదు. కూఁతురు హైమావతి యప్పటికి గర్భస్థశిశువు.

వీధిచివరి సెల్‌ఫోన్ల దుకాణమువాఁడు తనయొద్ద ఆ చలనచిత్రపు దొంగప్రతి యున్నదనెను. న్యాయస్థానమున గుమాస్తాయైన హైమావతి వలదనెను.

"దొంగదైతే ఏటే? మీ అయ్య దొంగ కాడు గదా! కళ్ళున్నప్పుడే సూపించీయే."

"కోర్టులో పనిచేస్తూ దొంగసరుకు ఎలా తేనమ్మా? సరైన దారిలోనే తెస్తాను. కొంచెం ఓపికపట్టు."

"నీ దారి నువ్వు నడిసీసరికి నా కళ్ళు మూతపడతాయే, జడ్జీగోరూ!"

అంతర్జాలమున చిత్రములు చూపు సంస్థ నడుగఁగా హక్కుల గడువు తీరెననియు, అధికారముద్రగల డిస్కుకై విచారింపఁగా అమ్మకము నిలిచి పదేండ్లయ్యెననియు, నిర్మాత కుమారులకు వ్రాయఁగా హక్కు నాదన్న నాదని యన్నదమ్ములు వ్యాజ్యమాడుచున్నారనియు ప్రత్యుత్తరములు వచ్చెను. తుదకు హైదరాబాదునందలి యొక చలనచిత్రభాండాగారమున ప్రతి భద్రముగా నున్నదని తెలిసి హైమావతి దరఖాస్తుపై దరఖాస్తు పెట్టెను. ముద్రాంకితమైన యనుమతిపత్రము చేతికందునప్పటికి మామిడిపండ్లు రాలుచుండెను. వరహాలమ్మకుఁ బగలును రేయియు నొక్కటియై పదునాఱు దినములయ్యెను. ఆ పత్రమును గుండెల కదుముకొని హైమావతి వెక్కివెక్కి యేడ్చెను.

అయినను వెళ్ళిరి. ఒక యిఱుకుగదిలో దీపములాఱెను. తెరపై ధూళి లేచెను. భేరులు మ్రోఁగెను. వేయి ఖడ్గములొక్కసారి మెఱసెను.

"ఏడే మీ అయ్య? కనిపించినాడా?"

ఆ వేయి మొగములలోఁ దండ్రి మొగమేదో హైమావతి యెఱుఁగదు. ఎఱిఁగిన కన్నులకుఁ జూపు లేదు. చూపున్న కన్నులకు నెఱుక లేదు. ఆమె యందఱిలో నందగాఁడైన వాని నెన్నుకొనెను.

"అదిగోనమ్మా. తెల్లగుర్రం మీద. అందరికన్నా ముందు దౌడు తీస్తున్నాడు. నవ్వుతున్నాడు."

వరహాలమ్మ డెక్కల చప్పుడునకుఁ జెవి యొగ్గెను.

"మీ అయ్యకి గుర్రమంటే బెదురే. దగ్గరికే ఎల్లీవోడు కాడు."

తల్లి చీఁకటిలోఁ దడవుకొని కూఁతురి మణికట్టు పట్టుకొనెను.

"సర్లే. సెప్పు. ఇంకా నవ్వుతున్నాడా?"

"నవ్వుతున్నాడమ్మా."

తెరపై నా యపరిచితాశ్వికుఁడు శత్రుసేనలోఁ గలసి కనుమఱుఁగైన పిమ్మటను హైమావతి చాలసేపు అతనిని నవ్వించుచునే యుండెను.